మనోవ్యాధికి భేదాలు లేవా?

అక్టోబరు 10న, ప్రపంచ మానసిక ఆరోగ్య దినం నాడు జరిగే ఊరేగింపుల్లో పిల్లల చేతుల్లో ఒక అట్ట కనిపిస్తూ ఉంటుంది. మానసిక వ్యాధికి కులం లేదు, మతం లేదు, ధనిక పేద తేడా లేదు, ఎవరికైనా రావచ్చు అని దాని మీద రాసి ఉంటుంది. మంచి ఉద్దేశంతో పుట్టిన మాటే అది. జబ్బు చేసిన మనిషికి 'పిచ్చి' అని ముద్ర వేసి దూరం పెట్టే చోట ఆ మాట చెప్పవలసిందే. కాని సైన్సు చదువుకునే విద్యార్థి అక్కడితో ఆగకూడదు. ఎవరికైనా రావచ్చు, సరే. అందరికీ ఒకే మోతాదులో వస్తుందా? వచ్చాక అందరికీ ఒకే తీరున వైద్యం అందుతుందా? మలేరియా కూడా ఎవరికైనా రావచ్చు. దోమకు మన కులం తెలియదు. అయినా నీళ్లు నిలిచే పల్లపు వీధిలో వచ్చినంతగా, కిటికీలకు వలలు బిగించిన మేడల్లో రాదు కదా!

మన దేశంలో ఈ రెండు ప్రశ్నలకు జవాబు వెతకాలంటే ముందుగా తెరవవలసింది జాతీయ మానసిక ఆరోగ్య సర్వే నివేదిక. బెంగళూరులోని నిమ్హాన్స్ సంస్థ 2015-16లో 12 రాష్ట్రాల్లో ఈ సర్వే జరిపింది. ఇంటింటికీ తిరిగి 18 ఏళ్లు నిండిన 34,802 మందిని ప్రశ్నించారు. పెద్దవాళ్లలో 10.6 శాతం మందికి సర్వే నాటికి ఏదో ఒక మానసిక రుగ్మత ఉందని, జీవితంలో ఎప్పుడో ఒకప్పుడు అలాంటి రుగ్మతకు లోనైనవారు 13.7 శాతం అని తేల్చారు. అన్నిటికంటే కలవరపెట్టే అంకె ఇంకొకటి ఉంది. కుంగుబాటు, ఆందోళన వంటి సామాన్య రుగ్మతలున్న ప్రతి 100 మందిలో 85 మందికి చికిత్స అందడం లేదు. దీనినే చికిత్సా అంతరం అంటారు.

అంత పెద్ద దేశంలో అంత ఓపికగా జరిగిన పని అది. దానికి ముందు మనకు ఉన్నవి చెల్లాచెదురైన చిన్న అధ్యయనాలే. అంచేత నా విమర్శ ఆ బృందం శ్రమ మీద కాదు, ఆ నివేదిక మనుషులను వరసలుగా విడదీసిన పద్ధతి మీద. ఈ పద్ధతి ఆ నివేదికకు మాత్రమే పరిమితం కాదు. మన ఆసుపత్రుల్లో, మన చట్టాల్లో, మన నినాదాల్లో కూడా ఉంది.

ముందు ఒక చిన్న విషయం గమనించండి. ఆ 12 రాష్ట్రాల్లో ఆంధ్రప్రదేశ్ లేదు, తెలంగాణ లేదు. ఛత్తీస్‌గఢ్ ఉంది. అంటే ఆ సర్వేలో తెలుగువాళ్లు ఎవరైనా దొరికితే, వాళ్లు సొంత రాష్ట్రం దాటి బతుకుతున్నవాళ్లే అయి ఉండాలి. అలాంటి చోటు ఒకటి తీసుకుని మాట్లాడుకుందాం.

తిఫ్రాలో ఒక ఇల్లు

బిలాస్‌పూర్ రైల్వే ఊరు. 1887లో ఏర్పడిన బెంగాల్ నాగపూర్ రైల్వే ఈ దారిన పట్టాలు వేసింది. 1931లో విజయనగరం నుంచి రాయ్‌పూర్ వరకు లైను పూర్తయ్యాక ఉత్తరాంధ్రకూ ఛత్తీస్‌గఢ్‌కూ నేరుగా దారి ఏర్పడింది. పట్టాల పనికి, షెడ్డు పనికి, పారిశుద్ధ్యం పనికి వచ్చిన తెలుగు కుటుంబాలు మూడు నాలుగు తరాలుగా అక్కడే ఉండిపోయాయి. ఏటా వేసవిలో రైల్వే కాలనీ వైపు సోలాపురి మాత పూజ జరుగుతుంది. ఆ రోజుల్లో వింటే అక్కడ ఎంత తెలుగు ఉందో తెలుస్తుంది. 2003 నుంచి ఆగ్నేయ మధ్య రైల్వేకు బిలాస్‌పూరే ముఖ్య కేంద్రం. తిఫ్రా ఆ ఊరికి రాయ్‌పూర్ రోడ్డు వైపున్న పేట. పారిశ్రామిక వాడ, పెద్ద బస్టాండు అక్కడే ఉన్నాయి. 2019లో దానిని బిలాస్‌పూర్ నగరపాలక సంస్థలో కలిపారు.

తిఫ్రాలో ఒక ఇల్లు ఊహించుకోండి. ఇది ఫలానావారి ఇల్లు అని కాదు, లెక్క కోసం మనం కట్టుకున్న ఇల్లు. మామగారు రైల్వేలో గ్యాంగ్‌మన్‌గా చేసి రిటైరయ్యారు. కొడుక్కి రైల్వే ఉద్యోగం రాలేదు, ఫ్యాక్టరీలో కాంట్రాక్టు కూలీ. కోడలిని పలాస వైపు నుంచి చేసుకున్నారు. ఆమె అయిదో తరగతి వరకు తెలుగులో చదివింది. సంతలో బేరమాడేంత హిందీ వచ్చు. నాలుగిళ్లలో పాచిపని చేస్తుంది. వాళ్లది ఊరి చివర గేరిలో బతికిన కులం. కొన్ని నెలలుగా ఆమెకు నిద్ర లేదు, గుండె దడదడ, ఏ పనీ ముందుకు సాగడం లేదు.

సర్వే చేసేవారు ఆ గుమ్మంలోకి వచ్చారనుకుందాం. ఆమె నివేదికలో ఎక్కడ కనిపిస్తుంది? స్త్రీలు అనే వరసలో ఒకసారి, ఆమె వయసు వరసలో ఒకసారి, తక్కువ చదువు వరసలో, తక్కువ ఆదాయం వరసలో, మహానగరం కాని పట్టణం వరసలో ఒక్కొక్కసారి కనిపిస్తుంది. ప్రతి వరసలోనూ ఆమె ఉంది. అన్నీ కలిసిన ఆమెగా మాత్రం ఎక్కడా లేదు. కులం వారీగా, మాతృభాష వారీగా వ్యాధి ప్రాబల్యాన్ని చూపే వరస నివేదికలోని ప్రధాన పట్టికల్లో లేనే లేదు.

వరసలు చూపేవి, దాచేవి

ఒక్కో వరసను విడిగా చదివితే ఎంత పొరపాటు పడవచ్చో ఆ నివేదికే చూపిస్తుంది. మొత్తం మానసిక రుగ్మతలు పురుషుల్లో 13.9 శాతం, స్త్రీలలో 7.5 శాతం అని అందులో ఉంది. పైపైన చూసినవారు స్త్రీలకు బాధ తక్కువ అనుకుంటారు. కాని ఆ మొత్తంలో మద్యం తదితర మత్తు వ్యసనాలు కూడా కలిసి ఉన్నాయి. అవి మగవాళ్లలో చాలా ఎక్కువ. కుంగుబాటు, ఆందోళన రుగ్మతలను వేరు చేసి చూస్తే అవి స్త్రీలలోనే ఎక్కువ. అంటే వ్యాధి రకాన్నీ స్త్రీపురుష భేదాన్నీ ఒకదాని మీద ఒకటి పెట్టి చూడగానే కథ తిరగబడింది. రెండు లక్షణాలను కలిపితేనే ఇంత మార్పు వస్తే, మూడు నాలుగు కలిపితే ఏమవుతుంది?

బిలాస్‌పూర్ జంక్షన్‌నే ఉదాహరణగా తీసుకోండి. హౌరా-ముంబయి లైను నుంచి కట్నీ వైపు వెళ్లే లైను అక్కడ చీలుతుంది. హౌరా లైనులో ఇంతమంది, కట్నీ లైనులో ఇంతమంది అని టిక్కెట్లు విడివిడిగా లెక్కపెట్టారనుకోండి. రెండు అంకెలూ నిజమే. కాని బిలాస్‌పూర్‌లో దిగి, మూట నెత్తిన పెట్టుకుని, బండి మారినవాళ్లెంతమంది? రెండు అంకెలనూ ఎంతసేపు తిరగేసినా అది తేలదు. వాళ్లను ప్లాట్‌ఫారం మీద నిలబడి లెక్కపెట్టవలసిందే.

ఇప్పుడు కాగితం, పెన్సిలు తీసుకోండి. ఈ కింది అంకెలు లెక్క అర్థం కావడానికి నేను వేసుకున్నవి, ఏ సర్వేలోవీ కావు. ఒక ఊళ్లో చికిత్స అవసరమైనవారు 400 మంది. హిందీ పురుషులు 100, హిందీ స్త్రీలు 100, తెలుగు పురుషులు 100, తెలుగు స్త్రీలు 100. వీళ్లలో డాక్టరు దగ్గరికి చేరినవారు వరసగా 30, 26, 26, 2. నివేదిక ఎలా ఉంటుంది? పురుషులు 28 శాతం, స్త్రీలు 14 శాతం. హిందీవారు 28 శాతం, తెలుగువారు 14 శాతం. రెండు వరసలూ చక్కగా ఉన్నాయి. స్త్రీలకు సగం అందుతోంది, తెలుగువారికి సగం అందుతోంది అని రాస్తారు. అధికారులు కూడా ఊరుకోరు. స్త్రీల కోసం ఆసుపత్రిలో ప్రత్యేక కిటికీ పెడతారు, దానిలో హిందీలో మాట్లాడతారు. తెలుగువారి కోసం తెలుగులో కరపత్రాలు అచ్చువేసి షెడ్డు గేటు దగ్గర పంచుతారు, అక్కడ అందుకునేది మగవాళ్లు. మొదటి ఏర్పాటు ఎవరికి ఉపయోగం? అప్పటికే 26 మంది చేరుతున్న హిందీ స్త్రీలకు. రెండోది? అప్పటికే 26 మంది చేరుతున్న తెలుగు పురుషులకు. ఆ 2 అలాగే ఉంటుంది. పైగా మరుసటి ఏడు నివేదికలో స్త్రీల శాతమూ, తెలుగువారి శాతమూ పెరిగి కనిపిస్తాయి!

ఈ లెక్కను న్యాయశాస్త్రం వైపు నుంచి పట్టుకున్నవారు అమెరికాకు చెందిన కింబర్లీ క్రెన్‌షా. 1989లో ఆమె రాసిన వ్యాసంలో జనరల్ మోటార్స్ కంపెనీ మీద అయిదుగురు నల్లజాతి స్త్రీలు వేసిన దావా ప్రస్తావన ఉంది. 1964కు ముందు ఆ కంపెనీ నల్లజాతి స్త్రీలను పనిలోకి తీసుకోలేదు. తరవాత తీసుకున్నా, పాతవారికి ముందు అనే సీనియారిటీ లెక్కన ఉద్యోగాలు తగ్గించినప్పుడు వీళ్లే ముందుగా పోయారు. 1976లో కోర్టు ఏమన్నది? కంపెనీ స్త్రీలను తీసుకుంటూనే ఉంది కాబట్టి స్త్రీల పట్ల వివక్ష లేదంది. ఆ స్త్రీలు తెల్లవాళ్లు. జాతి వివక్ష మాటకు వస్తే, నల్లజాతివారు వేసిన వేరే దావా ఉంది, దానిలో కలవండి అంది. రెండూ కలిపి కొత్త వర్గాన్ని సృష్టించడానికి ఒప్పుకోలేదు. క్రెన్‌షా దీనిని నాలుగు రోడ్ల కూడలితో పోల్చారు. కూడలిలో దెబ్బ తగిలిన మనిషిని ఏ రోడ్డు బండి గుద్దిందని అడిగితే ఏం చెబుతాడు? ఈ చూపుకు ఆమె పెట్టిన పేరు ఇంటర్‌సెక్షనాలిటీ. తెలుగులో 'కూడలి దృష్టి' అందాం, ఇంతకన్న మంచి మాట దొరికేదాకా.

ఇది అమెరికా సంగతి అనుకోకండి. 2021 ఏప్రిల్‌లో మన సుప్రీంకోర్టు ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన ఒక అప్పీలు మీద తీర్పు చెప్పింది. అత్యాచారానికి గురైన యువతి దళితురాలు, చూపు లేనిది. స్త్రీ కావడం, దళితురాలు కావడం, చూపు లేకపోవడం అనే మూడింటినీ విడివిడి ముక్కలుగా తూచకూడదని ఆ తీర్పు ఎంతో విస్తారంగా చర్చించింది. అత్యాచార నేరానికి వేసిన యావజ్జీవ శిక్షను నిలబెట్టింది. కాని అట్రాసిటీల చట్టం కింద పడిన శిక్షను మాత్రం నిలబెట్టలేకపోయింది. నేరం జరిగిన నాటి చట్టం ప్రకారం అది కులం కారణంగానే జరిగిందని విడిగా రుజువు కావాలి. ముక్కలు చేయకూడదని చెప్పిన తీర్పే ముక్కలు చేసే చట్టానికి కట్టుబడవలసి వచ్చింది. వరసల పట్టిక ఎంత బలమైనదో చూడండి.

కులం మనసులోకి ఎలా వెళుతుంది?

కులం, మతం ఆర్థిక స్థితికి మారుపేర్లేననీ, పేదరికాన్ని లెక్కిస్తే చాలనీ కొందరు వాదిస్తారు. ఈ వాదాన్ని పరీక్షించినవారు ఉన్నారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ మన దేశంలో ఆరు రాష్ట్రాల్లో పెద్దవారి మీద జరిపిన సేజ్ సర్వే వివరాలను ఆశిష్ గుప్తా, డయాన్ కాఫీ పరిశీలించి 2020లో ఫలితాలు ప్రచురించారు. అగ్రకుల హిందువులతో పోలిస్తే షెడ్యూల్డ్ కులాలవారూ ముస్లిములూ తమకు దిగులు, ఆందోళన ఎక్కువని చెప్పారు. ఆస్తి, చదువు, ఖర్చు లెక్కలోకి తీసుకున్నాక కూడా ఆ తేడా పూర్తిగా చెరిగిపోలేదు. అంటే జేబుతో సంబంధం లేని బరువు ఏదో ఉంది.

ఆ బరువు శరీరంలోకి ఎలా దిగుతుందో జీవశాస్త్రం కొంతవరకు చెప్పగలదు. భయమో అవమానమో ఎదురైనప్పుడు మెదడులోని హైపోథాలమస్ పీయూష గ్రంథిని, అది అధివృక్క గ్రంథులను హెచ్చరిస్తాయి. కార్టిసాల్ రక్తంలోకి వస్తుంది. గండం గడిచాక తగ్గిపోతే అది మేలే చేస్తుంది. గండం రోజూ ఉంటే? పని ఇంట్లో వేరే గ్లాసు, రేషను వరసలో వెకిలి మాట, ఇంటికొస్తే తాగివచ్చిన భర్త. హెచ్చరిక గంట ఆగదు. ఇలా నిరంతరం సర్దుకుపోవడంలో శరీరానికి కలిగే అరుగుదలకు 1993లో బ్రూస్ మెక్‌యూవెన్, ఎలియట్ స్టెల్లర్ 'అలోస్టాటిక్ లోడ్' అని పేరు పెట్టారు. గ్రంథులకు నిజంగానే కులం తెలియదు. కాని వాటిని ఎన్నిసార్లు మేల్కొలపాలో నిర్ణయించేది సమాజం.

తిఫ్రా ఇంటికి ఇంకొక మెలిక ఉంది. మన దేశంలో షెడ్యూల్డ్ కులాల, తెగల జాబితాలు రాష్ట్రానికొకటి. 1990లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పిన మర్రి చంద్రశేఖరరావు కేసును న్యాయశాస్త్ర విద్యార్థులు ఇప్పటికీ చదువుతారు. ఆ విద్యార్థి తెనాలిలో పుట్టాడు. ఆంధ్రప్రదేశ్‌లో షెడ్యూల్డ్ తెగ. తండ్రికి బొంబాయిలో ఉద్యోగం రావడంతో చిన్నతనంలోనే అక్కడికి వెళ్లాడు. మహారాష్ట్రలో వైద్య విద్యలో సీటు దగ్గరికి వచ్చేసరికి ఆ తెగ హోదా చెల్లదన్నారు. హోదా ఆ రాష్ట్రానికి సంబంధించినదేనని కోర్టు కూడా సమర్థించింది. న్యాయపరంగా దానికి కారణాలున్నాయి. మనిషి వైపు నుంచి చూడండి. రాష్ట్రం దాటగానే హోదా పోయింది, కులం పోయిందా? ఇరుగుపొరుగు తెలుగువాళ్లు ఎవరు ఏ గేరి నుంచి వచ్చారో మరిచిపోరు. అవమానం వెంట వస్తుంది, రక్షణ రాష్ట్రం సరిహద్దులో దిగిపోతుంది. ఈ పరిస్థితిని ఏ వరసలో రాస్తారు?

'బెంగ'ను ఏమని అడగాలి?

అనువాదం నా వృత్తి కాబట్టి ఈ భాగం కొంచెం ఎక్కువ రాస్తాను, విసుక్కోకండి.

మానసిక రుగ్మతకు రక్తపరీక్ష లేదు. ప్రశ్నే పరికరం. కుంగుబాటును కనిపెట్టడానికి ప్రపంచమంతటా వాడే పి.హెచ్.క్యు-9 అనే ప్రశ్నావళిని తీసుకుంటే, అందులో తొమ్మిది ప్రశ్నలు ఉంటాయి. గడచిన రెండు వారాల్లో ఫలానా ఇబ్బంది ఎన్ని రోజులు కలిగిందని అడిగి ఒక్కోదానికి 0 నుంచి 3 వరకు మార్కులు వేస్తారు. మొత్తం 27. జాతీయ సర్వేలో వాడిన మినీ అనే ప్రశ్నావళి ఇంతకంటే పెద్దది, అవును-కాదు అనే జవాబులతో నడుస్తుంది. ఇలాంటి వాటిని ఒక భాషలోకి మార్చి, వేరొకరి చేత మళ్లీ ఇంగ్లీషులోకి తిప్పించి, రెండూ సరిపోలాయో లేదో చూస్తారు. మంచి పద్ధతే. కాని అది భాషకు భాష సరిపోయిందని చెబుతుంది, మనిషికి సరిపోయిందని చెప్పదు.

మన మాటలు చూడండి. బెంగ, దిగులు, గుబులు, రంది, మనాది. అన్నిటికీ హిందీలో 'ఉదాసీ' అని రాస్తే సరిపోతుందా? బెంగ ఎప్పుడూ ఎవరి మీదనో ఏ ఊరి మీదనో ఉంటుంది. పెళ్లయి దూరం వెళ్లిన పిల్లకు పుట్టింటి మీద బెంగ. దానికి గురి ఉంది. గుబులు రాబోయేదాని గురించి, అందులో భయం పాలు ఎక్కువ. తెలంగాణలో మనాది అంటే మనసులో పెట్టుకుని లోలోపల క్షీణించడం. చాలామంది స్త్రీలు అసలు మనసు పేరే ఎత్తరు. గుండె దడ, తల తిమ్మిరి, ఒళ్లు మంటలు అంటారు. ఇలా ఒక్కో సమాజం తన బాధను చెప్పుకోవడానికి వాడే పలుకుబడులను మానవశాస్త్రజ్ఞుడు మార్క్ నిక్టర్ 1981లోనే ప్రత్యేకంగా చర్చించాడు. అవి తెలియని డాక్టరు గుండె దడ అన్న మనిషికి ఇ.సి.జి. తీసి, ఏమీ లేదమ్మా అని పంపేస్తాడు. అది తప్పుడు వైద్యం కాదు, సగం వైద్యం.

మన తిఫ్రా కోడలిని హిందీలో అడిగారనుకోండి. ఆమెకు ప్రశ్న సగమే అర్థమవుతుంది. మామగారో భర్తో పక్కన నిలబడి తెలుగులో చెబుతారు, జవాబును హిందీలో వినిపిస్తారు. ఇంట్లో ఎవరైనా కొడుతున్నారా అన్న ప్రశ్నను కూడా ఆయనే అనువదిస్తాడు! ఇక్కడ భాష ఒక ఇబ్బంది, స్త్రీ కావడం వేరొక ఇబ్బంది అని విడదీసి చెప్పగలమా? ఇదే ఇంట్లో కొడుకును ప్రశ్నిస్తే అతడికి ఫ్యాక్టరీ హిందీ ఉంది, దుబాసీ అక్కర్లేదు. ఇదే వీధిలో హిందీ ఇల్లాలిని ప్రశ్నిస్తే ఆమె తన మాట తానే చెప్పుకుంటుంది. దుబాసీగా మారిన భర్త ఈ ఒక్క ఖానాలోనే ఉన్నాడు. పైన వేసుకున్న లెక్కలో 2 అన్న అంకె ఊరికే రాలేదు.

ఆసుపత్రి గుమ్మాలు

బిలాస్‌పూర్‌లో వైద్యం లేదా అంటే ఉంది. రైల్వేకు సొంత ఆసుపత్రి ఉంది. రిటైరైన మామగారికి కార్డు ఉంటుంది. కాంట్రాక్టు కూలీ అయిన కొడుక్కి అది చెందదు, కోడలికి అసలే చెందదు. ఒకే పొయ్యి మీద వండుకు తినేవారిలో ఒకరికి గుమ్మం తెరిచి ఉంటుంది, ఇంకొకరికి మూసి ఉంటుంది. ఇక ఛత్తీస్‌గఢ్ ప్రభుత్వ మానసిక చికిత్సాలయం ఉన్నది బిలాస్‌పూర్ పక్కనే, సేంద్రిలో. రాష్ట్రం నలుమూలల నుంచి అక్కడికే రావాలి. బస్తర్ వారితో పోలిస్తే తిఫ్రా వారు అదృష్టవంతులు, దూరం కొద్ది కిలోమీటర్లే. కాని నాలుగిళ్ల పనిమనిషికి ఒక పూట మానేస్తే ఆ పూట కూలి పోతుంది. సేంద్రి బస్సు ఎక్కుతుండగా ఎవరైనా చూస్తే పేరు పోతుంది. కిలోమీటర్లతో కొలిచే దూరం ఇందులో చిన్న భాగమే.

2022 అక్టోబరు 10న కేంద్రం టెలి మానస్ ప్రారంభించింది. 14416కు ఫోను చేసి, అనేక భారతీయ భాషల్లో ఉచితంగా మాట్లాడవచ్చు. నా దృష్టిలో ఇటీవలి కాలపు మంచి ఏర్పాట్లలో ఇది ఒకటి, ఎందుకంటే భాష అడ్డును నేరుగా పట్టుకుంది. మీలో ఎవరికైనా, మీ ఇంట్లో ఎవరికైనా అవసరమైతే ఆ అంకె గుర్తుంచుకోండి. అయినా ఇక్కడ కూడా అదే ప్రశ్న. ఫోను ఎవరిది? 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం 15 నుంచి 49 ఏళ్ల స్త్రీలలో తాము స్వయంగా వాడుకునే మొబైల్ ఫోను ఉన్నవారు 54 శాతం. మిగిలినవారు ఫోను చేయాలంటే ఇంకొకరిని అడగాలి, ఎవరికి చేస్తున్నావని వాళ్లు అడుగుతారు.

2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం 18వ సెక్షను లింగం, మతం, సంస్కృతి, కులం, వర్గం, వైకల్యం వంటి ఏ కారణంగానూ వివక్ష లేకుండా ప్రతి ఒక్కరికీ వైద్యం పొందే హక్కు ఉందంటుంది. చాలా పెద్ద మాట అది, ఇంత స్పష్టంగా రాసిన చట్టాలు ఎన్నో లేవు. అయితే ఆ జాబితాను మళ్లీ చదవండి. ఒక్కో కారణానికీ మధ్య ఒక కామా ఉంది. ఫిర్యాదు చేయవలసి వస్తే మన కోడలు ఏ కామా పక్కన నిలబడాలి?

సర్వే చేసినవారి జవాబు

ఇంత విమర్శించాక అవతలివారి మాట కూడా వినాలి. వాళ్లు చెప్పగలిగిన గట్టి కారణం ఒకటి ఉంది. 34,802ను 12 రాష్ట్రాలకు పంచితే రాష్ట్రానికి సుమారు 2,900 మంది. స్త్రీపురుషులుగా విడదీస్తే 1,450. గ్రామం, పట్టణం, మహానగరం అని మూడు చేస్తే 483. ఆదాయాన్ని బట్టి అయిదు అంతస్తులు చేస్తే 97. నాలుగు సామాజిక వర్గాలు చేస్తే 24. ఆ 24 మందిలో 10.6 శాతం అంటే ఇద్దరో ముగ్గురో. ఇద్దరి మీద శాతాలు కట్టడం శాస్త్రం కాదు, చిలక జోస్యం. ఒక్కరు అటూ ఇటూ అయితే శాతం తలకిందులవుతుంది.

నిజమే. కాని ఇది రాష్ట్రాన్ని విడిగా చూసినప్పటి చిక్కు. మొత్తం దేశాన్ని కలిపి చూస్తే అవే 120 ఖానాలకు ఒక్కోదానికి సగటున 290 మంది వస్తారు. అందులో 10.6 శాతం అంటే సుమారు 31 మంది. అన్ని ఖానాలూ సమానంగా నిండవు, కొన్ని పలచగా ఉంటాయి. అయినా లెక్క కట్టడానికి వీలులేని అంకెలు కావు ఇవి. పలచని ఖానాలకు కూడా ఇప్పుడు దారి ఉంది. క్లేర్ ఎవాన్స్ బృందం 2018లో ప్రచురించిన పద్ధతిలో ప్రతి కూడలినీ ఒక పాఠశాలలాగా, అందులోని మనుషులను విద్యార్థులలాగా భావించి అంచెలంచెలుగా లెక్క కడతారు. మనుషులు తక్కువున్న ఖానా అంకెను మొత్తం మీద వచ్చిన పోకడ వైపు కొంత లాగుతారు, ఎక్కువున్న ఖానాను దాని మానాన వదిలేస్తారు. దానితో చిలక జోస్యం బెడద తగ్గుతుంది. కూడలిలో అదనంగా ఏమైనా జరుగుతోందా, లేక విడివిడి వరసల కూడికేనా అన్నది కూడా తేలుతుంది. కొన్నిసార్లు కూడికే అని తేలవచ్చు. అదీ తెలుసుకోవలసిందే. ప్రతి కూడలిలోనూ ప్రత్యేక గాయం ఉంటుందని ముందే నిశ్చయించుకోవడం కూడా అశాస్త్రీయమే. ఈ దృష్టిని భుజాన వేసుకున్న కొందరు రచయితలు ఆ సంగతి మరిచిపోతున్నారు.

కాని ఏ పద్ధతీ అడగని ప్రశ్నకు జవాబు తేలేదు. ఇంట్లో ఏ భాష మాట్లాడతారు, ఈ జవాబు చెబుతున్నప్పుడు పక్కన ఎవరున్నారు, దుబాసీ ఎవరు అనే మూడు ఖానాలు పత్రంలో చేర్చడానికి అదనపు నమూనా అక్కర్లేదు, అదనంగా అయ్యేది రెండు నిమిషాలు. కులం అడిగితే జనం నొచ్చుకుంటారనే సందేహం ఉండవచ్చు. కాని కుటుంబ ఆరోగ్య సర్వేలో ఎన్నో ఏళ్లుగా అడుగుతూనే ఉన్నారు.

మీలో కొందరు డిగ్రీ ప్రాజెక్టుగా మీ ఊళ్లో చిన్న సర్వే చేయాలనుకోవచ్చు. అప్పుడు ఒక జాగ్రత్త అవసరం. ఖానాలు చిన్నవయ్యేకొద్దీ అందులోని మనిషి దొరికిపోతాడు. తిఫ్రాలో ఫలానా కులానికి చెందిన, ముప్పై ఏళ్ల, పాచిపని చేసే తెలుగు స్త్రీలు ఇద్దరే ఉంటే, ఆ ఖానాలో ఒకరికి కుంగుబాటు ఉందని అచ్చువేయడం ఆమె పేరు అచ్చువేయడంతో సమానం. అందుకే అయిదుగురి కన్న తక్కువ ఉన్న ఖానాలను పక్క ఖానాలతో కలిపి చూపాలి, విడి అంకె బయట పెట్టకూడదు. కలపడం పట్టిక అచ్చువేసేటప్పుడు మాత్రమే. ప్రశ్నలు అడిగేటప్పుడు, జవాబులు రాసుకునేటప్పుడు కాదు.